వాలాజా మసీదులో సమాధి అయిన బహ్రుల్ ఉలూమ్: కేవలం వ్యాఖ్యాతా, స్వతంత్ర ఆలోచన గల దైవశాస్త్ర పండితుడా?

పినాకిని_తీరవాసి (ప్రశ్న)

పెద్దలకు నమస్కారం. నేను నెల్లూరు జిల్లా నుంచి వచ్చి చెన్నైలో చరిత్ర పరిశోధన చేస్తున్నాను. ఆర్కాటు నవాబుల కాలంలో నెల్లూరు, చిత్తూరు సీమల శిస్తు వ్యవహారాలు నా అంశం కావడం వల్ల నవాబు మహమ్మద్ అలీ వాలాజా దర్బారును గురించిన గ్రంథాలు తిరగవేయవలసి వస్తున్నది. వాటిలో పదే పదే ఎదురయ్యే పేరు మౌలానా అబ్దుల్ అలీ. లక్నోలోని ఫిరంగీ మహల్ వంశంలో పుట్టి, ‘బహ్రుల్ ఉలూమ్’, అంటే విద్యాసముద్రం, అనే బిరుదుతో ప్రసిద్ధి పొంది, వయసు మళ్ళిన తరువాత మద్రాసుకు వచ్చి, 1810లో ఇక్కడే కన్నుమూసి, తిరువల్లిక్కేణిలోని వాలాజా పెద్ద మసీదు ఆవరణలో సమాధి అయిన పండితుడు ఈయన.

నా సందేహం ఇది. ఆయన రచనల పట్టిక చూస్తే అందులో ఎక్కువ భాగం ఇతరుల గ్రంథాలకు వ్యాఖ్యానాలే. తర్కం మీద ఒకటి, న్యాయశాస్త్ర మూలసూత్రాల మీద ఒకటి, రూమీ రాసిన పారశీక కావ్యం మస్నవీ మీద ఒకటి, ఇంకా పాత టిప్పణుల మీద టిప్పణులు. ఒక రచయిత ఆయనను తార్కికుడంటాడు, మరొకరు హనఫీ (సున్నీల నాలుగు న్యాయ మార్గాలలో ఒకటి) న్యాయవేత్త అంటారు, వేరొకరు ఇబ్నె అరబీ మార్గంలో నడిచిన సూఫీ అంటారు. ఇస్లామీయ దైవశాస్త్రానికి, అంటే కలామ్‌కు, ఆయన చేసినది ఏమిటో స్పష్టంగా చెప్పిన వాక్యం నాకు ఎక్కడా దొరకలేదు. జీవితమంతా వ్యాఖ్యానాలే రాసిన పండితుడికి సొంత అభిప్రాయం ఉన్నదని ఎలా నిర్ణయించాలి? ఉంటే దానిని ఏ గ్రంథంలో, ఏ చర్చలో వెతకాలి?

దీనికి అనుబంధంగా మరొక ప్రశ్న. అప్పటికే ఉత్తరాదిలో ఎంతో పేరున్న మనిషి అంత వయసులో మద్రాసుదాకా ఎందుకు వచ్చినట్టు? నాకు అరబ్బీ రాదు. పారశీకం అక్షరాలు కూడబలుక్కుని చదివే స్థాయిలో ఉన్నాను. విషయం తెలిసినవారు వివరంగా రాస్తే ఎంతో మేలు చేసినవారవుతారు.

గండికోట_పాఠకుడు

పినాకిని గారూ, అస్సలాము అలైకుమ్. మాది కడప జిల్లా. చిన్నతనంలో కొన్నేళ్ళు మదరసాలో చదివి, తరువాత ఉద్యోగం కోసం చెన్నై వచ్చి రాయపేటలో స్థిరపడినవాణ్ణి. బహ్రుల్ ఉలూమ్ సమాధి దగ్గర నిలబడి ఫాతిహా చదివే వారిలో కూడా ఆయన ఏమి రాశారో తెలిసినవారు తక్కువ. అందుచేత మీ ప్రశ్న చూసి నిజంగా సంతోషించాను.

ఆయనను అర్థం చేసుకోవాలంటే తండ్రితో మొదలుపెట్టాలి. 17వ శతాబ్దం చివర లక్నో సమీపంలోని సిహాలీ గ్రామంలో ముల్లా ఖుత్బుద్దీన్ అనే గొప్ప పండితుడిని భూవివాదంలో హత్య చేసి, ఆయన గ్రంథాలయాన్ని తగులబెట్టారు. నిలువనీడ లేకుండా పోయిన ఆయన కుటుంబానికి ఔరంగజేబు లక్నోలో ఒకప్పుడు ఐరోపా వర్తకుడు ఉన్న భవనాన్ని ఇచ్చాడు. అదే ఫిరంగీ మహల్. ఖుత్బుద్దీన్ కుమారులలో ఒకరైన ముల్లా నిజాముద్దీన్ అక్కడ పాఠం చెప్పిన క్రమమే ‘దర్సె నిజామీ’గా స్థిరపడి, ఎన్నో మార్పులతో ఈనాటికీ ఉపఖండంలోని మదరసాలలో నడుస్తున్నది. ఆ నిజాముద్దీన్ కుమారుడే మన అబ్దుల్ అలీ.

దర్సె నిజామీ ప్రత్యేకత మీ ప్రశ్నకు నేరుగా సంబంధించినది కాబట్టి దాని గురించి కొంచెం ఎక్కువ చెబుతాను. ఖురాన్, హదీసు వంటి పరంపరగా వచ్చిన విద్యలను ‘మన్‌ఖూలాత్’ అంటారు. తర్కం, తత్త్వం, కలామ్ వంటి బుద్ధితో సాధించే విద్యలను ‘మఅఖూలాత్’ అంటారు. అదే కాలంలో ఢిల్లీలో షా వలీయుల్లా (1703–1762) హదీసు అధ్యయనాన్ని కేంద్రంగా చేసుకుంటే, ఫిరంగీ మహల్‌వారు బుద్ధివిద్యలకు పెద్దపీట వేశారు. ప్రతి విద్యలోనూ ఒకటి రెండు మిక్కిలి కఠినమైన గ్రంథాలను ఎంచుకుని, వాటిని అక్షరం వదలకుండా చదివిస్తే, ఆ తరువాత విద్యార్థి ఏ గ్రంథాన్నయినా గురువు లేకుండానే చదువుకోగలడన్నది వారి నమ్మకం. దైవశాస్త్రంలో నసఫీ రాసిన మత విశ్వాస సంగ్రహానికి తఫ్తాజానీ వ్యాఖ్యానం, ‘మవాఖిఫ్’కు జుర్జానీ వ్యాఖ్యానం అటువంటివి. ఇంత పరిశ్రమకు లక్ష్యం ఒక్కటే: దేవుడు ఉన్నాడని, ఒక్కడేనని, ప్రవక్తలను పంపాడని నమ్మేవాడు ఆ నమ్మకాన్ని ఎదుటివాని ఆక్షేపణకు నిలిచే విధంగా చెప్పగలగాలి. దానినే కలామ్ అంటారు. ఈ విద్యలో తర్కం కేవలం సాధనం. కాబట్టి తర్కం మీద రాశాడు గనుక తార్కికుడే, దైవశాస్త్రజ్ఞుడు కాదు అని విడదీయడం ఆ కాలపు పండితులకు అర్థంకాని విభజన.

అబ్దుల్ అలీ 1731 ప్రాంతంలో జన్మించారు. తండ్రి 1748లో గతించేనాటికి ఇంకా పిన్నవయస్కుడే. మిగిలిన చదువును తండ్రి శిష్యుడైన ముల్లా కమాలుద్దీన్ దగ్గర పూర్తిచేశారు. ఆ తరువాత లక్నోలో షియా, సున్నీల మధ్య తలెత్తిన వివాదంలో ఇరుక్కుని స్వస్థలం విడిచిపెట్టవలసి వచ్చింది. అక్కడి నుంచి షాజహాన్‌పూర్‌కు వెళ్ళి రోహిల్లా నాయకుడు హాఫిజ్ రహ్మత్ ఖాన్ ఆదరణలో చాలాకాలం పాఠం చెప్పారు. 1774 యుద్ధంలో రహ్మత్ ఖాన్ మరణించడంతో ఆ ఆశ్రయం పోయింది. తరువాత రాంపూర్‌లో నవాబు ఫైజుల్లా ఖాన్ దగ్గర, ఆపైన బెంగాల్‌లో బర్ద్వాన్ వైపున్న బుహార్‌లో మున్షీ సద్రుద్దీన్ స్థాపించిన మదరసాలో ఉన్నారు. చివరి మజిలీ మద్రాసు. ఒక్కొక్క చోటు మారినప్పుడల్లా ఆయన వెంట విద్యార్థులు కూడా తరలి వెళ్ళేవారు. మద్రాసు చేరినప్పుడు వాలాజా నవాబు స్వయంగా ఎదురువచ్చి పల్లకీకి భుజం పట్టాడని వంశ చరిత్రలలో చెప్పుకొనే కథ ఉన్నది. అది జరిగినా జరగకపోయినా, అలాంటి కథ పుట్టేంత గౌరవం ఆయనకు దక్కిందన్నది నిజం.

నేను ప్రత్యేకంగా గుర్తుచేయదలచినది ఒకటి ఉన్నది. షియాలతో వివాదం వల్ల ఊరు విడిచిన ఈ సున్నీ పండితుడు, షియా తత్త్వవేత్త ముల్లా సద్రా రాసిన తత్త్వశాస్త్ర వ్యాఖ్యానం మీద శ్రద్ధగా టిప్పణి రాశారు. తనకు జరిగిన అన్యాయాన్ని చదువులోకి రానీయకపోవడం చిన్న విషయం కాదు. ఆయన మీద నాకున్న గౌరవంలో పెద్ద భాగం దీనివల్లనే కలిగింది.

తర్కాభిలాషి

గండికోట పాఠకుడు గారు జీవితాన్ని చక్కగా చెప్పారు. నేను మీ మొదటి ప్రశ్నకే పరిమితమవుతాను. నా చదువు ప్రధానంగా న్యాయ వైశేషికాలలో సాగింది. ఇస్లామీయ తర్కాన్ని తరువాత, అనువాదాల సాయంతోనూ, ఒక అరబ్బీ ఆచార్యుని దయవల్లనూ నేర్చుకున్నాను.

వ్యాఖ్యానం రాసినవాడికి సొంత అభిప్రాయం ఉండదనుకోవడం మన సంప్రదాయం తెలిసిన తెలుగువాడు చేయదగిన ఊహ కాదని మనవి. మన అన్నంభట్టు తర్కసంగ్రహం రాసి, దానికి తానే దీపిక అనే వ్యాఖ్యానం రాసుకున్నాడు. ఆ దీపిక మీద మళ్ళీ ఎందరో వ్యాఖ్యానాలు రాశారు. భాష్యాలే రాసినందుకు శంకరులను గాని రామానుజులను గాని స్వతంత్ర ఆలోచన లేనివారని ఎవరూ అనరు. అరబ్బీలోనూ అదే వరుస: ‘మతన్’ అనే మూలం, దానిపై ‘షర్హ్’ అనే వ్యాఖ్యానం, దానిపై ‘హాషియా’ అనే టిప్పణి. మూలకారుడు సూత్రప్రాయంగా వదిలినచోట వ్యాఖ్యాత ఏ పక్షాన్ని బలపరిచాడు, ఏ ఆక్షేపణను ముందుకు తెచ్చాడు, ఏ సమాధానం చాలదని తేల్చాడు అన్నవాటిలోనే అతని ఆలోచన ఉంటుంది.

బహ్రుల్ ఉలూమ్ విషయంలో దీనిని చూడదగిన గ్రంథం ‘ఫవాతిహుర్ రహమూత్’. ఇది ముహిబ్బుల్లా బిహారీ (మరణం 1707) రాసిన ‘ముసల్లముస్ సుబూత్’కు వ్యాఖ్యానం. మూలం పేరులోని అక్షరాలకు అబ్జద్ లెక్క ప్రకారం విలువలు కట్టి కూడితే అది రాసిన హిజ్రీ సంవత్సరం 1109 వస్తుంది. అంటే క్రీస్తు శకం 1697–98. న్యాయశాస్త్ర మూలసూత్రాల గ్రంథమే అయినా దీని తొలి భాగమంతా దైవశాస్త్రమే. ఆజ్ఞాపించేవాడు ఎవరు, ఆజ్ఞ ఎవరికి, దేనిని గురించి అన్న ప్రశ్నలు తేలకుండా శాసనం గురించి మాట్లాడలేము కదా.

అందులో ముఖ్యమైన చర్చ మంచి చెడులను గురించినది. దానిని ‘హుస్న్’, ‘ఖుబ్హ్’ చర్చ అంటారు. ఒక పనిని మంచిదనడంలో మూడు అర్థాలు ఉన్నాయి. జ్ఞానం మంచిది, అజ్ఞానం చెడ్డది అన్నప్పుడు పూర్ణత్వాన్ని, లోపాన్ని చెబుతున్నాము. ఒక పని మన ప్రయోజనానికి అనుకూలమైతే మంచిది, ప్రతికూలమైతే చెడ్డది అన్నది రెండవ అర్థం. ఈ రెండింటినీ బుద్ధి తెలుసుకోగలదని అన్ని పక్షాలవారూ అంగీకరిస్తారు. వివాదమంతా మూడవ అర్థం మీద: ఒక పని దేవుని దగ్గర పొగడ్తకు, ప్రతిఫలానికి, లేదా నిందకు, శిక్షకు అర్హమైనదని బుద్ధి తనంతట తాను తెలుసుకోగలదా?

కలామ్‌లో ముఅతజిలా అనే పక్షంవారు తెలుసుకోగలదన్నారు. అంతేకాదు, బుద్ధి అలా తెలుసుకున్నప్పుడు ప్రవక్త రాకపోయినా ఆ పని మనిషికి విధి అయి కూర్చుంటుందని కూడా అన్నారు. అష్‌అరీ పక్షంవారు దీనికి పూర్తిగా ఎదురుతిరిగారు. దేవుడు చేయమన్నది మంచి, వద్దన్నది చెడు. ఆజ్ఞకు ముందు ఆ పనిలో మంచి చెడులంటూ ఏవీ లేవన్నారు. ఆ మాటలోని బలం దేవుని స్వాతంత్ర్యాన్ని కాపాడడంలో ఉన్నది. దానిలోని కష్టం కూడా తెలిసినదే. అబద్ధమాడడం, ప్రాణం కాపాడడం ఆజ్ఞకు ముందు సమానమైపోతాయి.

బిహారీ, ఆయనను వివరిస్తూ బహ్రుల్ ఉలూమ్, సమర్‌ఖండ్‌కు చెందిన మాతురీదీ (మరణం 944) మార్గంలోని హనఫీలుగా మూడవ దారిని నిలబెట్టారు. మంచి చెడులు పనుల్లోనే ఉన్నాయి, అవి ధర్మశాసనం మీద ఆధారపడి లేవు, ఇంతవరకు ముఅతజిలాలతో ఏకీభావమే. అయితే పనిలో మంచి ఉన్నంత మాత్రాన మనిషి మీద విధి పుట్టదు. ఆ మంచి వల్ల, వివేకవంతుడైన దేవుని నుంచి దాని పక్షాన ఆజ్ఞ రావడానికి ఆ పని తగినదవుతుంది. ఎందుకంటే వివేకి ఎక్కువ తగినదానిని విడిచి తక్కువ తగినదానిని ఎన్నుకోడు. ఆజ్ఞ మాత్రం ఆయననుంచే రావాలి. ఈ వాదంలో ప్రతి మెట్టూ ఎంత జాగ్రత్తగా వేసినదో చూడండి. బుద్ధికి చూపు ఉన్నదని ఒప్పుకుంటూనే శాసనాధికారాన్ని దానికి అప్పగించలేదు.

దీని ఫలితం వెంటనే ఒక గట్టి ప్రశ్నలోకి దారితీస్తుంది. ఏ ప్రవక్త మాటా చేరని కొండమీద పుట్టి పెరిగి చనిపోయిన మనిషి గతి ఏమిటి? అష్‌అరీల ప్రకారం అతనికి బాధ్యతే లేదు. ముఅతజిలాల ప్రకారం బుద్ధి చెప్పినవాటన్నింటికీ బాధ్యుడు. హనఫీ సంప్రదాయంలోనే దీనిపై భిన్నాభిప్రాయాలు ఉన్నాయి. సృష్టికర్తను తెలుసుకోవలసిన బాధ్యత మాత్రం బుద్ధి వల్లనే కలుగుతుందని ఇమామ్ అబూ హనీఫా అన్నట్టు ఒక కథనం. ‘ఫవాతిహ్’ ఈ పక్షాలన్నింటినీ ఎదురెదురుగా నిలబెట్టి, ఒక్కొక్కదానికి రాగల ఆక్షేపణను రాబట్టి, తన హనఫీ పక్షాన్ని సమర్థిస్తుంది. పేరుకు న్యాయశాస్త్ర వ్యాఖ్యానమే అయినా ఇక్కడ మాట్లాడుతున్నవాడు దైవశాస్త్ర పండితుడే.

ఈ గ్రంథాన్ని కైరోలోని బూలాఖ్ ముద్రణాలయం హిజ్రీ 1322లో, అంటే 1904 ప్రాంతంలో, గజాలీ రాసిన ‘ముస్తస్ఫా’తో కలిపి ఒకే పుటలలో అచ్చువేసింది. గజాలీ షాఫిఈ మార్గానికి చెందిన అష్‌అరీ; మంచి చెడులను బుద్ధి నిర్ణయించగలదన్న వాదాన్ని ఆ గ్రంథంలోనే ఖండించాడు. మద్రాసులో కన్నుమూసిన పండితుని మాట, ఏడు శతాబ్దాల ముందటి గజాలీ మాట ఒకే పుటలో పైనా కిందా చదువుకోవడానికి అరబ్బు విద్యార్థులకు వీలు కలిగింది. వ్యాఖ్యాత స్థాయిని కొలవడానికి దీనికి మించిన గుర్తు నాకు తెలియదు.

పినాకిని_తీరవాసి

ఇద్దరికీ కృతజ్ఞతలు. మంచి చెడుల చర్చను ఇంత విడమరచి చెప్పిన పుట నేను ఇంతవరకు చదవలేదు. అయినా ఒక సందేహం మిగిలింది. అక్కడ ఆయన బిహారీ పక్షాన్ని, తన హనఫీ సంప్రదాయ పక్షాన్ని సమర్థించారు. తన మార్గంలోని పెద్దలతోనే విభేదించి, గట్టిగా ఎదురు చెప్పిన సందర్భం ఏదైనా ఉన్నదా? పరంపరను నిలబెట్టడానికి పాండిత్యం చాలు, ఎదురు చెప్పడానికి ధైర్యం కూడా కావాలి. ఆ రెండవది నాకు చూడాలని ఉన్నది.

గండికోట_పాఠకుడు

ఉన్నది, అదీ ‘ఫవాతిహ్’లోనే. ఇజ్తిహాద్ చర్చలో చూడండి. మూలాధారాలనుంచి స్వయంగా ఆలోచించి ధర్మనిర్ణయం చేసే అర్హత గల పండితుడిని ముజ్తహిద్ అంటారు. అటువంటి స్వతంత్ర ఆలోచన, అంటే ఇజ్తిహాద్, నాలుగు న్యాయ మార్గాలకు మూలపురుషులైన నలుగురు ఇమాములతో ముగిసిపోయిందని, ఒక మార్గానికి లోబడి చేసే ఇజ్తిహాద్ కూడా అబుల్ బరకాత్ నసఫీ (మరణం 1310) తోనే ముగిసిందని హనఫీలలో కొందరు చెప్పుకొనేవారు. బహ్రుల్ ఉలూమ్ ఆ మాటను మెత్తగా పక్కన పెట్టలేదు. అది వారి వెర్రి ఊహ అని, దానికి వారు ఏ రుజువూ తీసుకురాలేదని, వారి మాటను లక్ష్యపెట్టనక్కరలేదని సూటిగా రాశారు. ఆయన చూపిన కారణం అంతకంటే బలమైనది. ఇకముందు ముజ్తహిద్ ఎవరూ పుట్టడని చెప్పడం, దేవుడికి తప్ప మరెవరికీ తెలియదని ఖురాన్ చెప్పిన ఐదు విషయాలలోకి చొరబడి భవిష్యత్తును చెప్పడమేనన్నారు.

ఈ వాదంలో దైవశాస్త్రం ఎక్కడ ఉన్నదో గమనించండి. పండితుల అర్హతను గురించిన ప్రశ్నను ఆయన దేవుని జ్ఞానాన్ని గురించిన ప్రశ్నగా మార్చారు. పరంపర పేరిట తలుపు మూసేవారు తెలియకుండానే దేవునికి మాత్రమే చెందిన జ్ఞానాన్ని తమకు ఆపాదించుకుంటున్నారని చూపారు. తరువాతి కాలంలో ఫిరంగీ మహల్‌కే చెందిన అబ్దుల్ హై లఖ్నవీ (1848–1886) ఈ మాటలను తన రచనలో ఉదహరించాడు. ఇజ్తిహాద్ తలుపు మూతపడిందా లేదా అన్న చర్చ వచ్చినప్పుడల్లా ఈనాటికీ ఈ వాక్యాలను ఎత్తి చూపుతారు. పూర్వాచార్యుల గ్రంథం మీద వ్యాఖ్యానం రాస్తూ రాస్తూ పూర్వాచార్యులతో ఆలోచన ముగియలేదని రాసిన మనిషి ఆయన.

ఇంకొక సంగతి. ఆయన మస్నవీ వ్యాఖ్యానం పారశీకంలో ఉన్నది. రూమీ పద్యాలను ఇబ్నె అరబీ (మరణం 1240) ‘ఫుతూహాత్’, ‘ఫుసూస్’ గ్రంథాల వెలుగులో చదివి, ఉనికి ఒక్కటే అనే ‘వహ్దతుల్ వుజూద్’ సిద్ధాంతాన్ని అందులో స్థాపించారు. ఆ సిద్ధాంతానికి షేక్ అహ్మద్ సర్హిందీ చెప్పిన అభ్యంతరాలు అప్పటికి ఉపఖండమంతా ప్రచారంలో ఉన్నవే. ఆ వాతావరణంలో ఇబ్నె అరబీ పక్షాన నిలవడం కూడా ఒక నిర్ణయమే. మన తెలుగు పాఠకులు దీనిని చదివిన వెంటనే అద్వైతంతో సమం చేస్తుంటారు. తొందరపడవద్దని నా విన్నపం. ఇబ్నె అరబీ మార్గంలో జగత్తు దేవుని నామాలు వెల్లడి అయ్యే స్థానం. దాసుడు దాసుడే, నమాజు, ఉపవాసం తప్పనివే. ఈ వ్యాఖ్యానం రాసిన చేతితోనే ఆయన నమాజు, జకాత్, ఉపవాసం, హజ్ అనే నాలుగింటి నియమాలను వివరించే ‘రసాయిలుల్ అర్కాన్’ కూడా రాశారు.

చేపాక్_చరిత్రాభిమాని

పినాకిని గారి రెండవ ప్రశ్నకు ఎవరూ పూర్తిగా సమాధానం చెప్పలేదు కాబట్టి నేను కలుగజేసుకుంటున్నాను. పైన చెప్పిన పల్లకీ కథ అందమైనదే, కాని పండితుల ప్రయాణాలను భక్తి గౌరవాలతో మాత్రమే వివరిస్తే చరిత్ర సగమే చెప్పినట్టవుతుంది. షాజహాన్‌పూర్, రాంపూర్, బుహార్, మద్రాసు అన్న వరుసను చూడండి. మొఘల్ సామ్రాజ్యం సన్నగిల్లిన తరువాత వందల మంది విద్యార్థులకు తిండి, బస ఇవ్వగల ఆస్థానం ఎక్కడ ఉంటే మదరసా అక్కడికి కదిలింది. ఆశ్రయం ఇచ్చినవాని సంపద తరిగినా, మనసు మారినా, యుద్ధంలో ఓడినా పాఠం ఆగిపోయేది. రాంపూర్ నుంచి కదలడానికి అంతమంది విద్యార్థుల ఖర్చు అక్కడ కుదరకపోవడమే కారణమని చెబుతారు. ఆ లెక్కన ఆయన దక్షిణాదికి రావడంలో ఆశ్చర్యం లేదు. అప్పటికి మద్రాసు చుట్టూ వాలాజా ఆస్థానమే సున్నీ విద్యకు పెద్ద ఆశ్రయం.

ఆ ఆశ్రయం ఎంత బలహీనమైన పునాది మీద నిలిచిందో మీ పరిశోధన వల్ల మీకే బాగా తెలిసి ఉంటుంది. ‘ఆర్కాటు నవాబు అప్పుల’ మీద ఎడ్మండ్ బర్క్ 1785లో బ్రిటిష్ పార్లమెంటులో ప్రసంగించాడంటేనే పరిస్థితి ఊహించవచ్చు. నెల్లూరు, చిత్తూరు రైతులు కట్టిన శిస్తులో ఎంత భాగం కంపెనీ ఉద్యోగుల వడ్డీలకు పోయిందో, మిగిలిన దానిలోనుంచే మదరసాకు, మసీదుకు, పండితులకు వెచ్చించారు. వాలాజా 1795లో మరణించాడు. 1801లో కర్ణాటక పాలన మొత్తం కంపెనీ చేతికి వెళ్ళింది. ఆ తరువాత తొమ్మిదేళ్ళు, పేరుకు నవాబు, చేతిలో పెన్షను మాత్రమే ఉన్న ఆస్థానపు నీడలో ఈ వృద్ధుడు పాఠం చెబుతూనే ఉన్నాడు. ఆయన గొప్పతనం నాకు ఎక్కువగా కనిపించేది ఈ చివరి తొమ్మిదేళ్ళలో. మీరు శిస్తు లెక్కలు చూస్తున్నారు గనుక, ఈ విద్యకు డబ్బు ఏ గ్రామాలనుంచి వచ్చిందన్నది కూడా వెతకండి. తెలుగు సీమకు, ఈ దైవశాస్త్రానికి ఉన్న సంబంధం ఆ లెక్కల్లోనే దొరుకుతుందని నా నమ్మకం.

మసీదు విషయంలో ఒక మాట. ఇనుము, కలప వాడకుండా బూడిదరంగు రాతితో కట్టిన ఆ మసీదులో నిర్మాణ సంవత్సరాన్ని తెలిపే పారశీక శాసనం నవాబు కార్యదర్శి అయిన రాజా మఖన్ లాల్ ఖిరత్ రచన. ఆయన హిందువు. ‘జిక్రుల్లాహి అక్బర్’ అన్న మాటకు అబ్జద్ లెక్క కట్టి చూడండి, హిజ్రీ 1209 వస్తుంది. అదే 1794–95. ఒక హిందూ పండితుని అక్షరాలు, ఒక ముస్లిం దైవశాస్త్ర పండితుని సమాధి ఒకే ఆవరణలో ఉండడం ఆ ఆస్థానపు తీరును చెబుతుంది.

అయితే గండికోట పాఠకుడు గారు దర్సె నిజామీ గురించి రాసినదానిలో ఒక లోటు ఉన్నదని నా అభిప్రాయం. బుద్ధివిద్యల భారం వల్ల ఆ క్రమంలో హదీసుకు చోటు చాలా తగ్గింది. చాలామంది విద్యార్థులు తర్కంలో ఏళ్ళ తరబడి ఉండి హదీసు సంకలనం ఒక్కటితో సరిపెట్టుకున్నారు. 1866లో దేవ్‌బంద్ మదరసా మొదలైన తరువాత హదీసుకు తిరిగి ప్రాధాన్యం ఇవ్వడం ఈ లోటును గుర్తించడం వల్లనే. ఇక మద్రాసులోనే, అదే కాలంలో, వేలూరులో పుట్టిన ముహమ్మద్ బాఖర్ ఆగాహ్ (1745–1806) అరబ్బీ, పారశీకాలలో దిట్ట అయి ఉండి కూడా, సామాన్యులకు, స్త్రీలకు అర్థం కావాలని ప్రవక్త చరిత్రను, మత విషయాలను దఖ్నీలో, అంటే దక్కన్ ఉర్దూలో, రాశాడు. ఒకరు పండితులకే అందే ఎత్తులో రాశారు, ఇంకొకరు ఇంట్లో మాట్లాడే భాషలో రాశారు. ఈ ఇద్దరినీ పక్కపక్కన పెట్టి చదివితేనే ఆనాటి మద్రాసు ఇస్లామీయ విద్య పూర్తిగా కనిపిస్తుంది.

గండికోట_పాఠకుడు

చేపాక్ గారి విమర్శలో న్యాయం ఉన్నది. హదీసు విషయంలో ఆయన చెప్పినది నేను కూడా మదరసాలో పెద్దలనుంచి విన్నదే. కాని ఒక్క మాట చేర్చాలి. ప్రతి వాక్యాన్ని ఆక్షేపించి చూడడం నేర్పే ఆ కఠినమైన చదువే లేకపోతే, ఇజ్తిహాద్ గురించి బహ్రుల్ ఉలూమ్ రాసిన ఆ నాలుగు వాక్యాలు పుట్టేవి కావు. ఆ చదువు లోపాన్నీ, దాని ఫలాన్నీ ఒకే మనిషిలో చూడవలసి వస్తుంది.

తర్కాభిలాషి

చివరగా, పినాకిని గారు ఎక్కడ మొదలుపెట్టాలన్నది. అరబ్బీ రాకుండా ‘ఫవాతిహ్’ జోలికి నేరుగా వెళ్ళవద్దు. అది అరబ్బీ బాగా వచ్చినవారిని కూడా అలయించే గ్రంథం. ముందు తఫ్తాజానీ రాసిన నసఫీ వ్యాఖ్యానాన్ని ఆంగ్లానువాదంలో చదవండి. దేవుని గుణాలు, మానవ కర్మ, ప్రవక్తృత్వం అన్న అంశాల మీద ఏ పక్షం ఏమంటున్నదో దానివల్ల పట్టుబడుతుంది. తరువాత గజాలీ ‘ముస్తస్ఫా’లోని మంచి చెడుల భాగాన్ని అనువాదంలో చూసి, దానికి ఎదురుగా హనఫీల వాదాన్ని పెట్టుకోండి. అప్పుడు అరబ్బీ తెలిసినవారి పక్కన కూర్చుని ‘ఫవాతిహ్’లో ఆ ఒక్క ప్రకరణమే చదివించుకోండి. ఒక్క ప్రకరణానికే నెలలు పట్టవచ్చు, అయినా ఆయన పద్ధతి మీకు చేతికి వస్తుంది. మీ పారశీకం కొంచెం మెరుగుపడిన తరువాత మస్నవీ వ్యాఖ్యానం తెరవవచ్చు. రూమీ పద్యం ముందే ఉంటుంది గనుక అది మీకు అంత పరాయిగా ఉండదు.

చెన్నైలో ఉన్నందుకు మీకు గొప్ప వసతి ఉన్నది. మద్రాసు విశ్వవిద్యాలయంలో అరబ్బీ, పారశీక, ఉర్దూ శాఖ ఉన్నది. తిరువల్లిక్కేణిలో 1850లో ఏర్పడిన మహమ్మదన్ పబ్లిక్ లైబ్రరీ ఉన్నది. బ్రౌన్ దొర సేకరించిన తెలుగు తాళపత్రాల కోసం మనవాళ్ళు వెళ్ళే ప్రభుత్వ ప్రాచ్య లిఖిత గ్రంథాలయంలోనే అరబ్బీ, పారశీక ప్రతులూ ఉన్నాయి. బుహార్ మదరసాకు చెందిన గ్రంథ సంచయం 1904లో కలకత్తాకు చేరి, ఇప్పుడు అక్కడి జాతీయ గ్రంథాలయంలో ఉన్నది; ఆయన బెంగాల్ కాలాన్ని తెలుసుకోవాలంటే అక్కడి పట్టికలు చూడాలి. మీరు ఆ మంచి చెడుల ప్రకరణం చదివించుకున్నప్పుడు గుర్తులు రాసుకుని ఇక్కడ పెట్టండి. ప్రవక్త మాట చేరని మనిషి బాధ్యత గురించి ఆయన ఇచ్చిన సమాధానాలను ఒక్కొక్కటిగా చర్చించడానికి నేను సిద్ధంగా ఉన్నాను.